"మావోడు నూటయాభై అడుగుల కాడ ఉన్నడు": కాలాన్ని బోరుగా చూసిన ఒక తండ్రి కేసు

కౌన్సిలర్‌గా నేను చూసిన ఈ కేసు రాయడానికి ఆ తండ్రీ ఆయన భార్యా ఇద్దరూ ఒప్పుకున్నారు. ఊరు, వయసులు, కొన్ని బంధుత్వాలు మార్చాను. వృత్తి మాత్రం మార్చలేదు, మారిస్తే చెప్పడానికి ఏమీ మిగలదు. నల్లగొండ జిల్లాలో బోరు మోటార్ల మెకానిక్ లేని ఊరు వెతికినా దొరకదు కాబట్టి ఆనవాలు పట్టే ప్రమాదం తక్కువ. ఆయన పెట్టిన షరతు ఒకటే: "నా సిద్ధాంతం తప్పని రాయొద్దు మేడం. మీకు నచ్చలేదని రాసుకోండ్రి."

నేపథ్యం

సాగర్ ఎడమ కాలువ పారే మిర్యాలగూడ వైపు కాదు, రాతినేలలో వందల అడుగులు దిగితే గానీ తడి తగలని మెట్ట ప్రాంతం ఆయనది. వయసు యాభై దాటింది. చిన్నప్పటి నుంచి సబ్‌మెర్సిబుల్ మోటార్లు దించడం, ఎత్తడం, కాలిపోతే వైండింగ్ చేయడమే పని. పదో తరగతితో చదువు ఆగింది కానీ భాగవతం కథలు బాగా తెలుసు. ఒక కొడుకు, ఒక బిడ్డ. కొడుకు ఐటీఐ చేసి తండ్రితోనే పనికి వచ్చేవాడు. నా దగ్గరికి వచ్చేనాటికి రెండేళ్ల కింద, హైవే మీద బైక్ ప్రమాదంలో ఆ అబ్బాయి పోయాడు.

మొదటి ఏడాది ఇంట్లో పండుగ చేయలేదు. అది మన దగ్గర మామూలే, ఎవరూ వింతగా చూడలేదు. ఏడాది నిండాక సంవత్సరీకం పెట్టనని ఆయన మొండికేశాడు. బంధువులు అలిగారు, కులపెద్దలు వచ్చి మాట్లాడారు, అయినా ఆయన కదలలేదు. అప్పుడే ఇంట్లోవాళ్లకు అసలు సంగతి తెలిసింది: ఆయన రాత్రిళ్లు ఒక నోట్‌బుక్ రాస్తున్నాడు.

వచ్చిన సమస్య

భార్య, బామ్మర్ది కలిసి తీసుకొచ్చారు. అంతకుముందు దర్గాకు తీసుకెళ్లారు, తాయెత్తు కట్టించారు, ఊళ్లో ఆర్‌ఎంపీ దగ్గర నిద్రమాత్రలూ అయ్యాయి. నిద్ర లేదు, మనిషి చిక్కిపోయాడు, పనికి పోవడం మానేశాడు. అవన్నీ ఒక ఎత్తు, ఇంట్లో ఎవర్నీ నవ్వనివ్వకపోవడం ఒక ఎత్తు అన్నది ఆమె.

ఆమె చెప్పిన ఒక్క సంఘటన చాలు. బిడ్డ ఫోన్‌లో స్నేహితురాలితో మాట్లాడుతూ గట్టిగా నవ్వింది. ఆయన వాకిట్లోంచి లేచి వచ్చాడు. తిట్టలేదు, కొట్టలేదు. తలుపు దగ్గర నిలబడి, "నీ నవ్వుకు వాడు ఇంకో పది అడుగులు కిందికి పోయిండు బిడ్డా" అని వెళ్లిపోయాడు. ఆ పిల్ల ఆ రోజు నుంచి ఇంట్లో గొంతు ఎత్తలేదు. "రెండు దెబ్బలు కొట్టినా బాగుండు మేడం, గట్ల అంటే అది ఏం జేస్తది?" అని భార్య ఏడ్చింది. బిడ్డకు వచ్చిన రెండు సంబంధాలు కూడా ఇలాగే పోయాయి. పెళ్లంటే సంబురం, ఆ ఇంట్లో సంబురం కుదరదు.

నోట్‌బుక్ తెప్పించుకుని చదివాను. ఎలక్ట్రికల్ షాపు బిల్లుల వెనకవైపు రాసి, దారంతో కుట్టిన కట్ట అది. మొదటి పేజీలో బోరు బొమ్మ, పక్కన అడుగుల లెక్క. ఆయన సిద్ధాంతం సారాంశం ఇదీ: కాలం తనంతట తాను పారదు. అది భూమిలో నీరులా ఉన్నచోటే ఉంటుంది, దాన్ని లాగే మోటారు మనిషి భావం. సంతోషం ఫుల్ వాల్వు, లాగుడు ఎక్కువ. దుఃఖం వాల్వు మూయడం, చుక్కచుక్కగా వస్తుంది. అందుకే "నవ్విన ఇంట్ల దినం గంటయితది, ఏడ్చిన ఇంట్ల గంట దినమైతది." కోపం వోల్టేజీ ఎగిరిపడటం, కోపంలో జరిగినవి ముక్కలుముక్కలుగానే గుర్తుంటాయి. ఎదురుచూపు గురించి రాసింది నన్ను ఆపేసింది: మోటారు తిరుగుతూనే ఉంటుంది, నీళ్లు రావు, గాలి వస్తుంది. ఎవరి కోసమైనా ఎదురుచూసిన వాళ్లు దీన్ని కాదనలేరు.

చనిపోయినవాళ్లు పోయిన నాటి మట్టం దగ్గరే ఉండిపోతారట. బతికినవాళ్లు కాలాన్ని ఎంత లాగితే ఆ మట్టం అంత కిందికి దిగుతుంది. కాబట్టి కొడుకు దగ్గరగా ఉండాలంటే ఇంట్లో వాల్వు మూసి ఉండాలి. చివరి పేజీల్లో తేదీ వారీగా లోతులు రాసి ఉన్నాయి. మేం కలిసిన రోజున కొడుకు నూటయాభై అడుగుల దగ్గర ఉన్నాడు.

ఇది పిచ్చా, ఆలోచనా?

మొదట తేల్చుకోవాల్సింది ఇదే, ఎందుకంటే దారి ఇక్కడే చీలుతుంది. భ్రమ అయితే మందే ముందు. చెవుల్లో మాటలు వినిపిస్తున్నాయా, ఎవరైనా తన ఆలోచనల్ని నడిపిస్తున్నారనిపిస్తోందా, తనకేదో ప్రత్యేక శక్తి వచ్చిందనుకుంటున్నాడా అని విడివిడిగా అడిగాను. ఏదీ లేదు. "మీరు రాసింది తప్పయ్యే అవకాశం ఉందా?" అన్నాను. కొంచెం ఆలోచించి, "ఉంటది. నేనేం దేవుణ్ణా? గని తప్పయితే నష్టం వాడికి గద, అందుకే రిస్కు తీసుకుంటలేను" అన్నాడు. భ్రమలో ఉన్నవాళ్లు సాధారణంగా తప్పయ్యే అవకాశాన్ని ఇలా ఒప్పుకోరు. గట్టిగా పట్టుకున్న నమ్మకం ఇది, జీవితం మొత్తాన్ని తన చుట్టూ తిప్పుకుంటున్నది. మానసిక వైద్యుడు కూడా చూసి అదే అన్నారు. థైరాయిడ్, బీ12, షుగరు పరీక్షలు మామూలుగానే వచ్చాయి. కల్లు అలవాటు పండుగపూటకే పరిమితం, అదీ ఇప్పుడు లేదు.

ఆలోచనగా చూస్తే అది అంత వింత కూడా కాదు. కాలాన్ని కొలిచేది మనసేనని క్రైస్తవ తాత్వికుడు అగస్టీన్ పదహారు వందల ఏళ్ల కిందటే వాదించాడు. గడియారం కాలం వేరు, అనుభవించే కాలం వేరు అని ఫ్రెంచ్ తాత్వికుడు బెర్గ్‌సన్ 1889లో రాశాడు. మన భాగవతంలో రైవతుడు కూతురు రేవతిని తీసుకుని బ్రహ్మలోకం వెళ్లి, అక్కడ పాట వింటూ కాసేపు నిలబడేసరికి భూమ్మీద ఇరవై ఏడు మహాయుగాలు గడిచిపోయాయి. ఈ కథ ఆయనే నాకు చెప్పాడు, సాక్ష్యంగా. "పాట విన్నడు గద మేడం, సంతోషంల ఉన్నడు. తిరిగొచ్చి చూస్తే ఎరిగినోడు ఒక్కడు లేడు."

దీర్ఘకాలిక దుఃఖం అనే నిర్ధారణకు ప్రపంచ ఆరోగ్య సంస్థ రోగాల జాబితా ఐసీడీ-11 ఆరు నెలలు దాటాలంటుంది, అమెరికా మానసిక వైద్యుల జాబితా డీఎస్‌ఎం-5-టీఆర్ పెద్దవాళ్ల విషయంలో ఏడాది అంటుంది. ఏడాదంతా పండుగ మానుకోవడం ఆనవాయితీ అయిన చోట ఆరు నెలల గడువు వాడితే ఊరంతా రోగులే. ఈయన రెండేళ్లు దాటాడు, పని ఆగింది, ఆడపిల్ల పెళ్లి ఆగింది, ఇంటివాళ్ల గొంతు ఆగింది. అందుకే ఆ నిర్ధారణ వేశాం, దాంతోపాటు డిప్రెషన్ కూడా.

ఆత్మహత్య ఆలోచన గురించి డొంకతిరుగుడు లేకుండా అడిగాను. ఆయన జవాబు తర్వాతి నిర్ణయాలన్నింటినీ ప్రభావితం చేసింది. "నేను పోతే వాణ్ణి పట్టుకునేటోడు ఎవడు?" అంటే ఇంటిని గొంతు నొక్కుతున్న ఆ సిద్ధాంతమే ఆయన్ని బతికిస్తోంది కూడా. తొందరపడి దాన్ని కూల్చితే కింద ఏముందో నాకు తెలియదు. పురుగుల మందు ఇంట్లోంచి తీసేసి బామ్మర్ది ఇంట్లో పెట్టించాం. రాత్రివేళ అవసరమైతే చేయమని ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీ మానస్ నంబరు 14416 భార్య ఫోన్‌లో వేసి ఇచ్చాను.

ప్రయత్నించినవి, పనిచేయనివి

వైద్యుడు ఎస్సిటాలోప్రామ్ అనే డిప్రెషన్ మందు మొదలుపెట్టారు. నెల తిరిగేసరికి నిద్ర కుదురుకుంది, అన్నం తిన్నాడు. లోతుల లెక్క మాత్రం రోజూ సాగింది. మందు పని మందు చేసింది, దాన్ని తక్కువ చేసి చెప్పను. నిద్రపోని మనిషితో నేను ఏ మాటా మాట్లాడలేకపోయేదాన్ని.

మొదట ఎంచుకున్నది సమాచారం ఇచ్చే దారి. ఆయన లెక్కల మనిషి, సాక్ష్యం అడుగుతాడు, ఇస్తే వింటాడనుకున్నాను. 2007లో అమెరికాలో ప్రచురించిన ఒక ప్రయోగం గురించి చెప్పాను. మనుషుల్ని ఎత్తు నుంచి వెనక్కి పడేలా వదిలి, కింద వల పట్టారు. తాము పడిన సమయం ఇతరులు పడిన దానికంటే సుమారు 36 శాతం ఎక్కువని వాళ్లు అంచనా వేశారు. కానీ చేతికి కట్టిన పరికరం మీద వేగంగా మారే అంకెల్ని మామూలుకంటే ఎక్కువగా చదవలేకపోయారు. అంటే భయంలో కాలం నెమ్మదించలేదు, జ్ఞాపకంలో సాగింది.

ఆయన శ్రద్ధగా విని, "అంటే యాదిల కాలం సాగిందనే గద వాళ్లు తేల్చింది? నేను చెప్పేది గూడ యాది సంగతే. గడియారం సంగతి నేనెప్పుడన్న జెప్పిన్నా?" అన్నాడు. వాదనగా చూస్తే ఆయనదే పైచేయి. వారం తర్వాత ఆ ప్రయోగం నోట్‌బుక్‌లోకి కూడా ఎక్కింది. సైన్సుతో ఎదురెళ్తే తెలివైన మనిషి దాన్ని తన గోడకు ఇటుకగా వాడుకుంటాడు. ఆ దారి అక్కడితో ఆపేశాను.

రెండోది డిప్రెషన్‌లో బాగా పనిచేసే పద్ధతి: రోజుకొక ఇష్టమైన పనిని ముందే రాసుకుని చేయడం. టీ బండి దగ్గర పాత దోస్తులతో పది నిమిషాలు కూర్చోవడం, బత్తాయి తోటలో తిరిగి రావడం, ఇలాంటివి. చెప్పినట్టే చేశాడు. చేసిన ప్రతిసారీ ఇంటికొచ్చి లోతు పెంచి రాశాడు, ఆ రాత్రి నిద్రపోలేదు. పని అదే అయినా ఆయన లెక్కలో అది కొడుకును కిందికి తోయడం. మనిషికి ద్రోహంగా కనిపించే పనిని ఇష్టమైన పని పేరుతో రాసి ఇస్తే భయం పెరగక ఏమవుతుంది? భార్యే ఫోన్ చేసి ఆపించింది, అది సరైన పనే.

వాన ఏదీ?

ఇక మిగిలిన దారి ఒక్కటే కనిపించింది: ఆయన సిద్ధాంతంలోకి దిగి, దాని నియమాల ప్రకారమే ప్రశ్నలు అడగడం. దీనిలో ఒక ప్రమాదం ఉంది. కౌన్సిలర్ కూడా ఒప్పుకున్నట్టు అవుతుంది, నమ్మకం ఇంకా బలపడొచ్చు. అందుకే ముందే చెప్పాను, "అన్నా, నేను దీన్ని నమ్మడం లేదు. కానీ మీ లెక్క మీ లెక్కతోనే సరిచూద్దాం." ఆయనకు అది నచ్చింది. మోటారు పాడైందని చెప్పే ముందు పైకి ఎత్తి చూడాలి గదా అన్నాడు.

నోట్‌బుక్ పేజీలు ఒక్కొక్కటే చదివించుకున్నాను. మోటారు ఉంది, పైపు ఉంది, వాల్వు ఉంది, స్టార్టరు ఉంది. నీళ్లు తగ్గడం ఉంది. పెరగడం ఎక్కడా లేదు. "మీ బొమ్మలో వాన ఏదన్నా?" అని అడిగాను.

బోరు మీద బతికేవాళ్లకు ఇది చిన్న ప్రశ్న కాదు. మట్టం దిగడమే కాదు, లేవడం కూడా వాళ్ల కళ్లముందే జరుగుతుంది. 2015లో మిషన్ కాకతీయ మొదలయ్యాక పూడిక తీసిన చెరువులు నిండిన ఏడాది, చుట్టుపక్కల ఎండిపోయిన బోర్లు మళ్లీ పోశాయని ఆయనే అంతకుముందు గొప్పగా చెప్పాడు. ఇప్పుడు చాలాసేపు మాట్లాడలేదు. "అది రాయలే" అని మాత్రం అన్నాడు. జవాబు నేను అందివ్వలేదు. నోటి దాకా వచ్చింది, ఆపుకున్నాను. నేను చెబితే అది నా సవరణ అవుతుంది, రాతప్రతిలోకి ఎక్కదు.

తర్వాతిసారి వచ్చినప్పుడు కొత్త పేజీ తెచ్చాడు. బోరు బొమ్మ పక్కన చెరువు గీశాడు. కింద "యాది చేసుకునుడు" అని రాశాడు. "ఒక్కణ్ణే యాది చేసుకుంటే ఊట. పదిమంది కలిసి యాది చేసుకుంటే చెరువు" అన్నాడు.

ఇక్కడే కేసు మలుపు తిరిగిందని రాస్తే చదవడానికి బాగుంటుంది కానీ అది నిజం కాదు. బొమ్మ మారింది, ఇల్లు మారలేదు. బిడ్డ ఇంకా గుసగుసలాడుతూనే ఉంది. మంచి మాట దొరికితే మనసు మారుతుందన్న ఆశ మా వృత్తిలో ఎక్కువ. మాట తర్వాత పని కావాలి. ఈ కొత్త పేజీ ఆ పనికి వీలు కల్పించింది, అంతే.

పరీక్ష

ఆయన సిద్ధాంతంలో తేల్చి చూడదగ్గ జోస్యం ఒకటి ఉంది: నవ్విన రోజు కొడుకు దూరమవుతాడు. దూరం అంటే ఏమిటో ముందు తేల్చుకున్నాం. అడుగులు ఇద్దరికీ ఒకేలా కనిపించవు కాబట్టి, కొడుకు గొంతు, నడక, వాడితో పడ్డ ఒక కొట్లాట, వాడి చేతుల గ్రీజు వాసన, కలిసి చేసిన ఒక పనిరోజు, ఈ అయిదూ ఎంత స్పష్టంగా గుర్తొస్తున్నాయో రాత్రికి మార్కులు వేయాలి. ఏ రోజు నవ్వు ఉంది, ఏ రోజు లేదు అన్నది భార్య విడిగా రాస్తుంది. ఒకరి కాగితం ఒకరు చూడకూడదు. ఈ నియమం ఆయనే పెట్టాడు. మీటరు చూసేవాడే రీడింగు రాస్తే ఎట్లా అన్నాడు.

మొదటి వారాలు ఏమీ తేలలేదు. కొన్ని రోజులు అటు, కొన్ని ఇటు. తర్వాత పాత హెల్పర్ ఒకతను ఒక మోటారు దించడానికి సాయం రమ్మంటే వెళ్లాడు. చైన్ పుల్లీ దగ్గర నిలబడి ఆ హెల్పర్ ఒక సంగతి బయటపెట్టాడు. పనిలో చేరిన కొత్తలో కొడుకు చేతిలో పానా జారి బోరులో పడిపోయింది. నాయిన తిడతాడని భయపడి రెండు రోజులు ఎవరికీ చెప్పలేదు, అచ్చం అలాంటి పానానే కొనుక్కొచ్చి, పాతదిగా కనబడాలని మట్టిలో పొర్లించి సంచిలో పెట్టాడు. తండ్రికి ఇది తెలియనే తెలియదు. అక్కడున్న నలుగురూ నవ్వారు, ఆయన కూడా.

ఆ రాత్రి అయిదింటికీ నిండా మార్కులు పడ్డాయి. కింద ఒక వాక్యం: "నవ్వినం. వాడు పైకొచ్చిండు." భార్య కాగితంలో ఆ తేదీ పక్కన "నవ్విండు" అని, రెండుసార్లు గీత గీసి ఉంది.

నోట్‌బుక్ అసలు దేనికోసం పుట్టిందో నాకు తెలిసింది ఆ తర్వాతే. ప్రమాదం జరిగిన రాత్రి ఆయన బంధువుల పెళ్లి బరాత్‌లో ఉన్నాడు. డీజే పెట్టారు, ఆయనా ఎగిరాడు. జేబులో ఫోన్ మోగుతూనే ఉంది. నలభై నిమిషాలు గడిచినట్టే తెలియలేదు. "ఆ నలభై నిమిషాలు ఎట్ల పోయినయి మేడం? నాకు అయిదు నిమిషాలు అనిపించింది. సంతోషంల ఉన్న గద." కాలాన్ని సంతోషం మింగేస్తుందన్న సూత్రం అక్కడ పుట్టింది. అది తత్వంగా మారిన అపరాధభావం. మొదటి రోజే అడిగుంటే చెప్పేవాడు కాదనే ఇప్పటికీ నా అంచనా. నవ్వితే కొడుకు దూరం పోడని తన చేతి రాతలో చూసుకున్నాకే, నవ్విన రాత్రి గురించి మాట్లాడగలిగాడు.

ఇక్కడ బామ్మర్ది ఒక సలహా ఇచ్చాడు. ఆసుపత్రి కాగితాలు, ఫోన్ రికార్డు తెప్పిస్తే, ఫోన్ ఎత్తినా చేసేదేమీ లేదని తేలొచ్చు కదా? నేను వద్దన్నాను. తేలితే మంచిదే, తేలకపోతే? పైగా ఉపశమనం ఒక కాగితం మీది సమయం మీద ఆధారపడితే, ఆయన జీవితాంతం ఆ నిమిషాల్నే లెక్కపెడతాడు. ఏ సమయానికి ఏం జరిగినా, పెళ్లిలో ఎగరడం నేరం కాదు. కొన్ని వారాలు ఆ ఒక్క మాట చుట్టూనే పనిచేశాం. కొడుకు పోయిన రాత్రి బరాత్‌లో ఉన్నది వేరే తండ్రి అయితే ఆయనతో మీరేమంటారో రాయండి అంటే, ఒక పేజీ రాశాడు. చదివి వినిపించడానికి మాత్రం భార్యకు ఇచ్చాడు.

పెత్రమాస

భాద్రపద అమావాస్య దగ్గరపడింది. ప్రతిపాదన భార్యది, నాది కాదు. తెలంగాణలో ఆ ఒక్క రోజు రెండు పనులు పడతాయి: పొద్దున పోయినవాళ్ల పేర బియ్యం, కూరగాయలు ఇవ్వడం, సాయంత్రం ఎంగిలిపూల బతుకమ్మ. పెద్దల్ని తలుచుకోవడం, ఆడపిల్లలు పాడుకోవడం ఒకే రోజు. దీన్ని నేనెప్పుడూ ఇలా ఆలోచించలేదు. దుఃఖమూ సంబురమూ ఒకదాన్నొకటి తినేస్తాయన్న లెక్కకు ఇంతకంటే గట్టి జవాబు ఏ పుస్తకంలోనూ దొరకదు.

నేను చేసింది ముందుజాగ్రత్తే. తట్టుకోలేకపోతే ఎటు వెళ్లాలి, పక్కన ఎవరు ఉండాలి, బిడ్డ పాడుతుంటే ఏమనిపిస్తే ఏం చేయాలి అన్నవి వరసగా అనుకున్నాం. పొద్దున కొడుకు పేర బియ్యం ఇచ్చాడు, రెండేళ్లలో మొదటిసారి. మధ్యాహ్నం గునుగు, తంగేడు తెచ్చింది కూడా ఆయనే. సాయంత్రం ఆట దగ్గర కాసేపు నిలబడి బావి దగ్గరికి వెళ్లిపోయాడు. మధ్యలో వెళ్లిపోవడాన్ని ఓటమిగా తీసుకోలేదు, అది అనుకున్న ఏర్పాటులో ఉన్నదే.

ఈ కేసు నుంచి నేను తీసుకున్నది

మనిషి తనకు తానే కట్టుకున్న తత్వం ముందు కూర్చున్నప్పుడు, అది నిజమా అబద్ధమా అన్నది రెండో ప్రశ్న. అది ఆయన కోసం ఏం చేస్తోంది, దాన్ని తీసేస్తే ఆ పని ఎవరు చేస్తారు అన్నది మొదటిది. ఇక్కడ అది మూడు పనులు చేసింది: కొడుకును దగ్గర పెట్టింది, తండ్రిని బతికించింది, బరాత్ రాత్రిని దాచింది. మూడింటికీ వేరే ఏర్పాటు దొరికే దాకా దాన్ని ముట్టుకోకపోవడమే మంచిదైంది. అలాగే ఒకే పని, టీ బండి దగ్గర కూర్చోవడం, ముందు భయాన్ని పెంచింది, తర్వాత తగ్గించింది. మారింది ఆ పని ఎవరి ప్రశ్నకు జవాబుగా చేస్తున్నాడన్నదే.

ఇంటివాళ్ల సంగతి నేను ఇంకా తొందరగా పట్టించుకోవాలని ఇలాంటి తర్వాతి కేసులకు రాసిపెట్టుకున్నాను. బిడ్డను వేరుగా కలిశాక తెలిసింది, ఆ పిల్ల తమ్ముడి గురించి ఏడవడం కూడా మానేసిందని. నాయిన ఎదుట ఏడిస్తే లోతు పెరగదని ఆయన సంతోషిస్తాడట, ఆ సంతోషం చూడలేక మానేసింది. ఆమెతో పని ఇంకా నడుస్తోంది.

ఆయన ఇప్పుడు పనికి పోతున్నాడు, అన్ని రోజులు కాదు. మందు వైద్యుడి సలహాతో నెమ్మదిగా తగ్గిస్తున్నారు. సంవత్సరీకం పెట్టాడు. బరాత్ ఎదురొస్తే ఇప్పటికీ పక్క సందులోకి తిరుగుతాడు, పెళ్లిళ్లకు పోతే ఫోన్ చేతిలోనే పట్టుకుంటాడు. లోతులు రాయడం ఆపాడు, సిద్ధాంతం వదల్లేదు. మొన్న వచ్చినప్పుడు ఎదురుచూపు మీద కొత్తగా నాలుగు పేజీలు చూపించాడు, బాగున్నాయి.

చివరగా తోటి కౌన్సిలర్లకు ఒక హెచ్చరిక. నమ్మకంలోకి దిగి మాట్లాడే ఈ పద్ధతి, "తప్పయ్యే అవకాశం ఉంది" అనగలిగే మనిషితోనే. ఆ ప్రశ్నకు కోపంతోనో, రహస్యంగా నవ్వుతూనో, నాకు చెప్పినవాళ్లు వేరే ఉన్నారంటూనో జవాబు వస్తే ముందు మానసిక వైద్యుడి దగ్గరికి పంపండి. నోట్‌బుక్ ఆ తర్వాత చదవొచ్చు.